పేరు అడగని పరిచయం

విజయనగరం చూడవచ్చినవారు మొదట కోట చూస్తారు. 1713లో కట్టనారంభించిన ఆ కోట చూచి, గంటస్తంభం, మూడు లాంతర్ల మీదుగా నడచి వస్తే ఊరు చూచినట్లే అనుకుంటారు. మన పల్లెలవారికి మాత్రం విజయనగరమంటే రైలు స్టేషనే. హౌరా-చెన్నై మార్గం నుండి బొబ్బిలి, పార్వతీపురం మీదుగా రాయపూర్ పోయే లైను ఇక్కడే విడిపోతుంది. పనులకు వలసపోయేవారు, ఆసుపత్రికి వచ్చినవారు, చదువుకొనే పిల్లలు అందరూ ఆ ప్లాట్‌ఫారాల మీదే కలుస్తారు. ఎవరికి ఎవరూ తెలియదు.

ఒక వేసవి మధ్యాహ్నం మేము అక్కడ రైలు కోసం కూర్చున్నాము. పక్క బల్ల మీద బొబ్బిలి బండికి ఎదురు చూస్తున్న ఒక ముసలమ్మ, ఆ చివర సంచి ఒళ్లో పెట్టుకొని ఇరవయ్యేళ్ల కుర్రవాడు.

"ఏటి బావూ, ఏ ఊరు మీది?" అని ఆమే పలకరించింది.

"రణస్థలం కాడ, మామ్మా. మద్రాసు పనికెల్తన్నాను."

"ఒక్కడివేనా?"

"ఒక్కడినే."

"నా కొడుకులిద్దరూ ఆ దేశమే ఎల్లిపోనారు. ఇంటికాడ నానొక్కదాన్నే."

ఆమె మూట విప్పి అటుకులు, బెల్లం ముక్క అతని చేతిలో పెట్టింది. తరువాత కంటి డాక్టరు ఇచ్చిన రెండు చుక్కల సీసాలు తీసి, ఏది ఎప్పుడు వేసుకోవాలో మరచిపోయానన్నది. కుర్రవాడు చీటీ చదివి, తన చేతికున్న దారం విప్పి ఒక సీసాకు కట్టాడు. "దారమున్నది పొద్దున్న, లేనిది రాత్రి" అన్నాడు. ఆమె తడిమి చూచుకొని తల ఊపింది.

చెన్నై రైలు వచ్చింది. "మేడ మీద పని జాగర్త బావూ" అన్నది. అతడు కిటికీలోంచి చెయ్యి ఊపాడు. ఒకరి పేరు ఒకరు అడగనే లేదు.

ఆమె చెప్పిన జాగ్రత్త ఊరకే వచ్చిన మాట కాదు. 2014 జూన్ 28న చెన్నై శివార్లలోని మౌలివాక్కంలో కడుతున్న పదకొండంతస్తుల భవనం కూలి 61 మంది చనిపోయారు. వారిలో మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాలవారు ఎందరో ఉన్నారు. ఆనాటినుండి ఇక్కడి తల్లులకు బిడ్డ రైలెక్కడమంటే ఎంత గుబులో మనకు తెలుసు.

ప్రియ పాఠకులారా, స్టేషనులోనో, ఆసుపత్రి వరండాలోనో ఒంటరిగా కూర్చున్నవారు మనకు రోజూ కనబడతారు. "ఏ ఊరు మీది?" అని అడగడానికి ఖర్చేమీ లేదు. ఆ ఒక్క మాటతో ఆ కుర్రవాడు కడుపు నింపుకొని రైలెక్కాడు. ఆ తల్లి తన మందు తానే పోల్చుకోగలిగింది.