దాహం కాదు మాస్టారండీ!

భీమవరంలో మొక్కలకు నీళ్లు కరవంటే ఎవరైనా నవ్వుతారు. 1852లో ధవళేశ్వరం దగ్గర కాటన్ దొర ఆనకట్ట పూర్తయిన దగ్గర్నుంచీ గోదావరి నీళ్లు కాలువల్లో వీధుల దాకా వస్తూనే ఉన్నాయి. ఊరి చుట్టూ ఎటు చూసినా వరిచేలు, చేపల చెరువులు. అలాంటి ఊళ్లో రెండు పూటలా నీళ్లు పోస్తున్న చెట్టే ఎండిపోతుంటే ఏమనుకోవాలి?

ఆయన రిటైరైన లెక్కల మాస్టారు. పెరట్లోని సంపెంగను నాటింది ఆయన భార్య. ఆవిడ ఉన్నన్నాళ్లూ మొక్కల పని ఆవిడదే. ఆవిడ పోయాక ఆ పని ఆయన తీసుకున్నారు. పొద్దున్న కాఫీ తాగి కాసేపు, సాయంత్రం వార్తలకు ముందు కాసేపు పైపు పట్టుకుని చెట్టు మొదట్లో నీళ్లు పెట్టేవారు. ఏడాది తిరిగేసరికి ఆకులు వేలాడాయి. దాహమేస్తోంది కాబోలని ఇంకాస్త ఎక్కువ పెట్టారు. ఆకులు పసుపురంగుకు తిరిగి రాలడం మొదలైంది. గోడవార మందార అప్పటికే చచ్చిపోయింది. ‘మీ అమ్మ చేతిలో పెరిగిన చెట్టమ్మా, నా చేతిలో పోయేలా ఉంది’ అని హైదరాబాద్‌లో ఉన్న కూతురికి ఫోన్లో చెప్పి ఆ పూట భోజనం మానేశారు.

మర్నాడు, కడియం నర్సరీల్లో పనిచేసి వచ్చిన తోటమాలి ఒకతను చూడ్డానికొచ్చాడు. బొరిగెతో జానెడు లోతు తవ్వాడు. లోపలంతా బురద, మురుగువాసన. ‘ఇది దాహం కాదు మాస్టారండీ, దీనికి ఊపిరాడట్లేదండి’ అన్నాడు.

వేళ్లకు నీళ్లెంత అవసరమో గాలీ అంతే అవసరం. డెల్టాలోని బంకమట్టి నీటిని ఓ పట్టాన వదలదు. రోడ్లు ఎత్తు పెంచినప్పుడల్లా పాత ఇళ్ల పెరళ్లు పల్లమైపోయి, వానకాలంలో నీళ్లు అక్కడే నిలుస్తాయి. మట్టిలో గాలి పోతే వేళ్లు కుళ్లుతాయి. కుళ్లిన వేరు పక్కనున్న నీటినీ పీల్చుకోలేదు. అందుకే నీళ్లలో మునిగిన చెట్టూ ఎండిన చెట్టులాగే వాడిపోతుంది. అది చూసి మనం మరో బిందె పోస్తాం!

కూతురికి ఈ సంగతి చెబితే, ‘అమ్మ సంపెంగకి వారానికోసారే కదా నాన్నా పోసేది! రోజూ పోసేది కనకాంబరాల కుండీలకి’ అంది. మాస్టారు ఇన్నేళ్లూ చూసింది ఆవిడ చేతిలోని చెంబునే. అది ఏ మొక్క దగ్గర ఆగుతోందో గమనించలేదు.

వేళ్లూనిన చెట్టుకు రోజూ పైపైన తడి చేయడం కంటే, కొన్ని రోజులకోసారి అడుగు లోతు దిగేలా పెట్టడం మేలు. పైపైన తడిపితే వేళ్లు పైనే ఉండిపోయి ఎండకు తట్టుకోలేవు. నీళ్లు మొదట్లో కాదు, కొమ్మల నీడ పడే అంచు చుట్టూ పాదు చేసి పెట్టాలి. కొత్తగా నాటిన మొక్కకు మాత్రం దగ్గరగా, తరచుగా పోయాలి. పోసేముందు మట్టిలోకి వేలు దించి చూడాలి. లోపల తడి తగిలితే ఆ రోజుకి పని లేనట్టే. పొద్దున్నే పోయడం మంచిది. రాత్రంతా ఆకులు తడిగా ఉంటే తెగుళ్లొస్తాయి. ఎండాకాలంలో పాదులో వరిగడ్డి పరిస్తే తడి ఆరదు. అది కాండానికి తగలకూడదంతే.

అన్ని మొక్కలదీ ఒకటే లెక్క కాదు. మల్లెకు చలికాలంలో నీళ్లు తగ్గించి, కొమ్మలు కత్తిరించి, ఆపైన ఎరువూ నీళ్లూ ఇస్తే వేసవికి విరగబూస్తుంది. కాగితం పూల మొక్క కాస్త ఎండనిస్తేనే బాగా పూస్తుంది.

ఈ ప్రాంతంలో ఇంకో చిక్కుంది. వేసవిలో కాలువలు కట్టేశాక చాలా ఇళ్లలో బోరు నీళ్లే గతి. అవి ఉప్పగా ఉంటే ఆకుల అంచులు మాడతాయి. ఆ నీటిని శుద్ధి చేసే యంత్రం నుంచి బయటికొచ్చే వృథా నీళ్లలో ఉప్పు ఇంకా ఎక్కువ. పారబొయ్యడమెందుకని వాటిని మొక్కలకు మళ్లిస్తే పొదుపు కాదు, నష్టం. బియ్యం, కూరగాయలు కడిగిన మంచినీళ్లు వాటికంటే నయం.

తోటమాలి పాదులో నిలిచిన నీళ్లు బయటికి పోయేలా కాలువ తీశాడు. మాస్టారు మూడు వారాలు పైపు ముట్టుకోలేదు. అంతకంటే కష్టమైన పని ఈమధ్య చేయలేదంటారాయన. ఓ పక్క కొమ్మలు ఎండిపోయాయి. రెండో పక్క చిగుళ్లొచ్చాయి. పూలింకా పూయలేదు.

ఇప్పుడూ రోజూ పొద్దున్నే చెట్టు దగ్గరికెళ్తారు. వంగి మట్టిలో వేలు దించి చూస్తారు. చాలా రోజులు ఉత్త చేతులతోనే తిరిగొస్తారు.