యంత్రబాహువులును, ఆకాశపు చెత్తయు: చదువదగిన కొన్ని పుస్తకములు

రోబోలనుగూర్చి యే పుస్తకము చదువవలెనని పై తరగతుల విద్యార్థులు కొందఱు ఈ సంవత్సరము నన్ను పలుమాఱు అడిగిరి. గంట మ్రోగులోపల తరగతిలో చెప్పదగిన సమాధానము కాదు గనుక, పత్రికాసంపాదకులు ఈ పుటలను నా కొసగినప్పుడు సంతోషముతో నంగీకరించితిని. మనుష్యుని పోలిన ముఖమును, మెఱయు కన్నులును గల రోబోల బొమ్మల పుస్తకములు అంగళ్లలో విరివిగా దొరకును. వాని నిక్కడ పేర్కొనను. నా దృష్టిలో రోబో యనగా మొట్టమొదట చేయి. ముఖము తరువాతి మాట.

పదము పుట్టిన పుస్తకముతోనే మొదలుపెట్టుడు. చెక్ రచయితయైన కారెల్ చాపెక్ 1920లో 'ఆర్.యు.ఆర్.' అను నాటకమును ప్రకటించెను. మఱుసటి యేడు అది ప్రేగ్ నగరమున ప్రదర్శింపబడెను. రోబో యను మాటను సూచించినవాడు ఆయన సోదరుడు జోసెఫ్. చెక్ భాషలో 'రోబోట' యనగా రైతు తన ప్రభువునకు కూలి లేక చేయవలసిన పని. మన తెలంగాణమున దీనినే వెట్టి యనిరి. కావున ఈ మాటయొక్క బరువు తెలుగువానికి వేఱుగా చెప్పనక్కఱ లేదు. ఆ నాటకములోని రోబోలు ఇనుపవి కావు. రసాయనములతో చేయబడిన నరాకారులు. తుదకు వారు తిరుగబడుదురు. ఇంగ్లీషు అనువాదమును ఒక ఆదివారమున చదివి ముగింపవచ్చును. తరువాత ఐజాక్ అసిమోవ్ కథల సంపుటము 'ఐ, రోబో' చదువుడు. అది 1950లో వెలువడినది. అందలి మూడు నియమములను మన బాలురు ఎక్కాలవలె అప్పగింతురు గాని, ఆ నియమములు ఒకదానితో నొకటి చిక్కుపడి యెట్లు విఫలమగునో చూపుటకే ఆయన పెక్కు కథలు వ్రాసెను.

కథల నుండి కర్మాగారమునకు వత్తము. 1961లో అమెరికాలోని న్యూజెర్సీ రాష్ట్రమున జనరల్ మోటార్స్ వారి కర్మాగారములో యూనిమేట్ అను యంత్రబాహువు పనిలో ప్రవేశించెను. అచ్చుల నుండి వెలువడు కాలుచున్న లోహపు భాగములను అందుకొని ప్రక్కకు దీయుట దాని పని. దానిని కల్పించినవాడు జార్జి డెవోల్. కర్మాగారములకు చేర్చినవాడు జోసెఫ్ ఎంగెల్‌బెర్గర్. ఈ సంగతి చదివినప్పుడెల్ల నాకు మా తండ్రిగారి కుడిచేయి జ్ఞప్తికి వచ్చును. వారు ఒక నూనెమిల్లులో పని చేయుచు, నా చిన్నతనముననే మూడు వ్రేళ్లు పోగొట్టుకొనిరి. మిగిలినవి బొటనవ్రేలును, చిటికెనవ్రేలును. నేలపై బడిన నాణెమును ఆ రెంటితో నేరుగా ఎత్తుట సాధ్యము గాదు. అందుచే వారు దానిని గడప యంచువఱకు మెల్లగా జరిపి, సగము బయటికి వచ్చినప్పుడు క్రిందనుండియు మీదనుండియు పట్టెడివారు. పలుచని వస్తువును బల్ల యంచుకు జరిపి పట్టు ఈ యుపాయమునే నేడు శాస్త్రజ్ఞులు యంత్రబాహువులకు నేర్పుచున్నారు. యంత్రములు మనుష్యుల పనిని హరించునను వాదమును నేనెఱుగుదును. అందు నిజము లేకపోలేదు. అయినను కాలుచున్న అచ్చులోనికి చేయి చాచు పని యొక యంత్రమునకు పోయినదని నేను విచారింపజాలను.

నాణెము నెత్తుట యెంత కష్టమో తెలిసికొనగోరువారు హాన్స్ మోరవెక్ వ్రాసిన 'మైండ్ చిల్డ్రన్' చూడవలెను. అది 1988 నాటిది. పెద్దలకు కష్టమని తోచు చదరంగపుటెత్తులు యంత్రమునకు సులభము; ఏడాది పసిబిడ్డ కన్నులతో చూచి, చేతితో పట్టుకొనుటయే దానికి దుర్లభమని ఆయన యభిప్రాయము. పుస్తకపు చివరి భాగమున ఆయన కలలు మితిమీఱినవని నాకు తోచును. మొదటి భాగము మాత్రము విడువరాదు.

గణితమునందు ప్రీతి గలవారికి జాన్ క్రెయిగ్ 1986లో ప్రకటించిన 'ఇంట్రడక్షన్ టు రోబోటిక్స్' కలదు. కెవిన్ లించ్, ఫ్రాంక్ పార్క్ అను వారు 2017లో వెలువరించిన 'మోడరన్ రోబోటిక్స్' యొక్క ముద్రణపూర్వ ప్రతిని గ్రంథకర్తలే అందఱికిని ఉచితముగా నొసగిరి. ఇవి కళాశాల గ్రంథములు, వెఱవకుడు. రెండు చెక్క స్కేళ్లను ఒక మేకుతో కలిపి, ఒక కొనను బల్లపై బిగింపుడు. అది భుజము, మేకు మోచేయి. ఆ రెండుచోట్ల కోణములు తెలిసినచో వ్రేలికొన యెచ్చట నుండునో పదవ తరగతి త్రికోణమితితో లెక్కింపవచ్చును. ఇప్పుడు ప్రశ్నను తిరుగవేయుడు. బల్లపై నొక చుక్క పెట్టి, కొన అచ్చటికి చేరుటకు కోణము లెంతెంత యుండవలెనని అడుగుడు. మోచేయి ఎడమకు వంగినదొకటి, కుడికి వంగినదొకటి, రెండు సమాధానములు వచ్చును. చుక్క మిక్కిలి దూరమైనచో ఒక్కటియు రాదు. కీళ్లు ఆఱైనప్పుడు ఈ చిక్కు ఎంత పెరుగునో ఆ గ్రంథములు చెప్పును.

ఇంతవఱకు మన బాహువునకు బల్ల ఆధారముగా నున్నది. ఆ యాధారమే లేనిచో? గోదావరిలో చిన్న పడవపై నిలిచి మఱియొక పడవను లాగినవాడు, తన పడవయు కదలుట నెఱుగును. భూమిచుట్టు తిరుగు నౌకయందలి బాహువునకు సర్వదా ఈ యవస్థయే. 1981లో స్పేస్ షటిల్‌తో మొదట ఎగిరిన కెనడార్మ్ అను బాహువు సుమారు 15 మీటర్ల పొడవు గలది. భూమిపై తన బరువును తానే ఎత్తుకొనజాలదు. 1984 ఏప్రిలులో సోలార్ మాక్స్ అను చెడిన ఉపగ్రహమును పట్టుటకు వ్యోమగామి జార్జి నెల్సన్ వెళ్లెను. ఆయన పరికరము దానికి తగులుకొనలేదు. కారణ మేమనగా, పటములలో చూపబడని చిన్న మొల యొకటి అడ్డుపడినది. చేతితో పట్టబోగా ఉపగ్రహము పొర్లసాగినది. భూమినుండి దానిని నెమ్మదింపజేసిన పిమ్మటనే బాహువు పట్టగలిగెను. బాగుచేయుటకని పట్టుకొమ్మతో నిర్మింపబడినదానికే ఇంత పాట్లు. పట్టుకొమ్మయే లేని విఱిగిన తునక సంగతి యేమి?

ఆకాశపు చెత్త యనునది ఇట్టి తునకలే. మూలగ్రంథము కావలెనన్నచో డోనాల్డ్ కెస్లర్, బర్టన్ కూర్-పాలే అనువారు 1978లో వ్రాసిన వ్యాసము కలదు: ఒక తాకిడి తునకలను పుట్టించును, ఆ తునకలు మఱికొన్ని తాకిడులను పుట్టించును అని. 2009 ఫిబ్రవరి 10న సైబీరియాకు పైన, పనిచేయుచున్న ఇరిడియమ్ 33 ఉపగ్రహమును చచ్చిపడియున్న రష్యా ఉపగ్రహము కాస్మాస్ 2251 ఢీకొనెను. గుర్తింపదగిన తునకలే దాదాపు రెండువేలు లేచినవి. ఒక లెక్క మీరే వేసికొనుడు. ఒక సెంటీమీటరు వ్యాసముగల అల్యూమినియము గుండు బరువు సుమారు 1.4 గ్రాములు. సెకనుకు 10 కిలోమీటర్ల వేగమున దాని శక్తి 70,000 జౌళ్లు. అనగా గంటకు 42 కిలోమీటర్ల వేగముతో వచ్చు వేయి కిలోల కారు శక్తి. సెంటీమీటరునకు మించిన శకలములు పన్నెండు లక్షలకు పైగా నుండునని ఐరోపా అంతరిక్ష సంస్థవారి 2025 నివేదిక అంచనా. 2021లో అంతర్జాతీయ అంతరిక్ష కేంద్రముయొక్క కెనడార్మ్2 బాహువునకే అట్టి తునక యొకటి రంధ్రము చేసెను. బాహువు పని మానలేదు. మఱింత తెలిసికొనగోరువారు అమెరికా జాతీయ పరిశోధన మండలివారి 1995 నాటి 'ఆర్బిటల్ డెబ్రీ' అను గ్రంథమును, నాసావారి త్రైమాసిక పత్రికను చదువవలెను. గ్రంథము పాతదైనను వివరణ స్పష్టము.

మన శ్రీహరికోటకును ఈ విషయముతో సంబంధము కలదు. 2024 డిసెంబరు 30న అచ్చటినుండి లేచిన పి.ఎస్.ఎల్.వి. రాకెట్టుయొక్క నాలుగవ అంచె, మామూలుగా చెత్తగా మిగులవలసినది, పోయెమ్-4 అను పేరుతో ప్రయోగశాలగా మార్పబడెను. దానిపై పరీక్షకు పంపినవానిలో శకలములను పట్టుటకై విక్రమ్ సారాభాయి అంతరిక్ష కేంద్రమువారు నిర్మించిన యంత్రబాహువును, నడచు బాహువును కలవు. 2025 ఏప్రిల్ 4న ఆ యంచె భూవాతావరణమున బడి నశించెను. దీనినిగూర్చి తెలుగులో నొక మంచి పుస్తకము ఇంకను నా కంటబడలేదు. ఇది చదువువారిలో నెవరైనను వ్రాసినచో ముందుగా కొనువాడను నేనే.

ఈ యేటి సొమ్ము రెండు పుస్తకములకే చాలినది. ఒకటి క్రెయిగ్ గ్రంథము. రెండవది జపానువాడగు మాకోతో యుకిమురా వ్రాసి చిత్రించిన 'ప్లానెటీస్' మొదటి సంపుటము, ఇంగ్లీషున. ఆకాశమున చెత్త యేఱు పాకీవాండ్ర కథ అది. వారిలో ఒకని భార్య ప్రయాణించు నౌకకు శకలము తగిలి ఆమె మరణించినది; అతడు నిత్యము చెత్త యేఱుచు ఆమె దిక్సూచిని వెదకుచుండును. బొమ్మల కథకు గ్రంథాలయపు సొమ్మా యని ఉపాధ్యాయులలో కొందఱు ఆక్షేపించిరి. వారిలో నొకరు దానిని ఇంటికి దీసికొనిపోయి మూడు వారములైనది. వారు తిరిగి యిచ్చిన వెంటనే తొమ్మిదవ తరగతివారి వంతు. పేర్లు నా యొద్ద వ్రాయించుకొనవచ్చును.