పిసినారి ఇంట్లో అబద్ధం ఎవరిది?

కోడి పేరెత్తితే పల్నాటివాళ్లకు ముందు వీరగాథే గుర్తొస్తుంది. నాయకురాలు నాగమ్మ, బ్రహ్మనాయుడు కోళ్లను బరిలోకి దించడం, ఓడినవాళ్లు ఏడేళ్లు రాజ్యం విడిచి వెళ్లడం, చివరికి కారెంపూడి యుద్ధం. సినిమా పిచ్చి ఉన్న నరసరావుపేటవాడికైతే ఇంకో కోడి కూడా తప్పకుండా గుర్తొస్తుంది. అది పైనుంచి వేలాడుతుంటుంది. కింద కోట శ్రీనివాసరావు దాన్నే చూస్తూ, కోడికూర తింటున్నంత తృప్తిగా వట్టి అన్నం ముద్దలు మింగుతుంటారు. కూర ఖర్చు లేదు, కోడికి ప్రాణభయం లేదు!

1987లో వచ్చిన ‘అహ నా పెళ్ళంట’ సంగతి ఇది. ఆదివిష్ణు రాసిన ‘సత్యంగారి ఇల్లు’ ఆధారంగా జంధ్యాల తీశారు, నిర్మాత రామానాయుడు. పేరేమో ‘మాయాబజార్’ పాటలోంచి వచ్చింది.

అందులో కోట వేసిన లోభి లక్ష్మీపతిని చూసి జనం ముప్పై ఎనిమిదేళ్లకు పైగా నవ్వుతూనే ఉన్నారు. నవ్వు సరే, ఆ ఇంట్లో అబద్ధమాడేది ఎవరు? లక్ష్మీపతి పిసినారితనమంతా బాహాటమే. గుడ్డ అరిగిపోతుందని ఒంటికి న్యూస్‌పేపరు చుట్టుకు తిరిగేవాడు తన గుణం దాచుకున్నట్టు ఎలా అవుతుంది? దాచుకున్నవాడు కథానాయకుడు. ధనవంతుడి కొడుకు కృష్ణమూర్తి (రాజేంద్రప్రసాద్) లక్ష్మీపతి కూతురి కోసం తన సంపద దాచి, అతణ్ణి తలదన్నే పిసినారిగా ఆ ఇంట్లో దిగుతాడు. ఆ మామకు ఈ అల్లుడు నచ్చింది నటన వల్లే. ప్రేమ కోసం కదా అని ప్రేక్షకుడు చూసీచూడనట్టు వదిలేస్తాడు. ప్రేమకున్న వెసులుబాటు పొదుపుకు లేదు మరి.

ఈ నటనకు తోడు కృష్ణమూర్తి తండ్రి (నూతన్‌ప్రసాద్). కొడుకు ప్రేమించాడంటే సరేనని ఊరుకోడు, సవాలు విసురుతాడు. పల్నాటిలో పందేలు కుటుంబాలను ఏం చేశాయో తెలిసినవాళ్లకు ఆ తండ్రి ధీమా కాస్త భయం పుట్టించాలి. జంధ్యాల చేతిలో పడింది కాబట్టి ఆ పందెం నవ్వులతో గట్టెక్కింది.

మిగిలింది అరగుండు. పనివాడు. సగం గుండుతో తిరుగుతాడు, యజమాని ఎదుట వంగి నిలబడతాడు, ముఖం అటు తిప్పగానే శాపనార్థాలు మొదలుపెడతాడు. జీతం కోసం నోరు కట్టేసుకున్నవాడి కడుపుమంట ఎలా ఉంటుందో ఆ రెండు ముఖాల మధ్య రెప్పపాటులో కనిపిస్తుంది. ఆ పాత్ర వేసిన బ్రహ్మానందం ఈ గడ్డవారే. 1956లో సత్తెనపల్లి దగ్గర ముప్పాళ్ల ప్రాంతంలోని చాగంటివారిపాలెంలో పుట్టారు. అప్పటికది గుంటూరు జిల్లా, 2022 ఏప్రిల్ నుంచి నరసరావుపేట కేంద్రంగా పల్నాడు జిల్లా. సినిమాలకు ముందు అత్తిలిలో తెలుగు లెక్చరరు. కోట కూడా బ్యాంకు ఉద్యోగం చేసి వచ్చినవారే. నెల జీతం, పైఅధికారి, సెలవు చీటీ ఇద్దరికీ తెలిసినవే. అందుకేనేమో ఆ యజమాని, ఆ పనివాడు ఎదురుబొదురుగా నిలబడితే అతిశయోక్తి కూడా నిజంలా అనిపిస్తుంది.

అరగుండుతో మొదలైన పరుగు బ్రహ్మానందాన్ని గిన్నిస్ బుక్ దాకా, 2009లో పద్మశ్రీ దాకా తీసుకెళ్లింది. కోట 2025 జులైలో కన్నుమూశారు. ఈసారి టీవీలో ఆ సినిమా వస్తే, పెళ్లి జరుగుతుందా లేదా అన్నది పక్కనపెట్టి, లక్ష్మీపతి వెనక నిలబడ్డ అరగుండు ముఖాన్నే చూస్తూ కూర్చోండి.