కారణం తెలియని మూర్ఛ

"జబ్బేమిటో తెలియకుండా మందెలా ఇస్తారండీ?" అని మా అంతర్వేదిలో చాలామంది అడుగుతుంటారు. 2020 డిసెంబరులో ఏలూరు ప్రభుత్వాసుపత్రి సిబ్బందికి వచ్చిన చిక్కు అదే. కొద్దిరోజుల్లో వందలాదిమంది ఫిట్స్‌తో, స్పృహ తప్పి వచ్చారు. కోవిడ్ కాదని తేలింది. కారణం కోసం ఆగకుండా ముందు ఫిట్స్ తగ్గించారు. ఎక్కువమంది త్వరగానే ఇళ్ళకు వెళ్ళారు, ఒకరు దక్కలేదు. కొందరి రక్తంలో సీసం, నికెల్ కనిపించాయి. పురుగుమందుల అవశేషాలే ముఖ్య కారణమని నిపుణులు భావించారు. అవి ఒంట్లోకి ఏ దారిన చేరాయో మాత్రం తేలలేదు.

కనుక "తెలియదు" అన్న డాక్టరు చేతులెత్తేశాడనుకోకండి. ఇంట్లో ఎవరికైనా ఫిట్స్ వస్తే తాళాలగుత్తి చేతిలో పెట్టకండి, నోట్లో ఏమీ కుక్కకండి. పక్కకు తిప్పి పడుకోబెట్టండి. అయిదు నిమిషాల్లో తగ్గకపోయినా, రావడం అదే మొదటిసారైనా వెంటనే ఆసుపత్రికి తీసుకువెళ్ళండి.