ఆ ఆదివారపు ప్రార్థన

ముప్పై ఏళ్లకు పైగా నా మనస్సులో నలుగుతున్న ఒక సంగతి మీతో చెప్పుకోవాలని ఈ నాలుగు మాటలు వ్రాస్తున్నాను.

1991 ఆగస్టు 6, మంగళవారము. తెనాలి దగ్గర చుండూరులో ఎనిమిదిమంది దళితులను వెంటాడి చంపారు. అంతకుముందు సినిమాహాలులో ఒక దళిత యువకుని కాలు అగ్రకులస్థునికి తగిలినందుకు మొదలైన గొడవ అది. తరువాత సాంఘిక బహిష్కరణ, పనులు లేకుండా చేయడము. ఆ రోజు పల్లెవాళ్లు ప్రాణభయముతో పొలాలకు అడ్డంపడి పరుగెత్తారు. దొరికినవారిని నరికి, శవాలను గోనెసంచులలో కుక్కి కాలువలో పడవేశారు. మిగిలినవారు తెనాలి చేరి సాల్వేషన్ ఆర్మీ ఆవరణలో తలదాచుకున్నారు.

వార్త మా భట్టిప్రోలుకు బస్సులలో వచ్చింది. మా తాతగారు అగ్రకులమునుండి ప్రభువును నమ్ముకొన్నవారు. నిందితుల కులములో మాకు బంధువులున్నారు. అందుచేత నాన్నగారు, "ఎవరితోనూ ఈ మాట ఎత్తవద్దు" అన్నారు.

ఆ ఆదివారము ప్రార్థన మనవులు అడిగినప్పుడు, ఎప్పుడూ వెనుక చాపమీద కూర్చునే ఒక పెద్దమ్మ లేచి, "అయ్యగారూ, చుండూరు బిడ్డల కోసం ప్రార్థన చేయండయ్యా" అంది. సంఘపెద్ద ఒకాయన, "అవి రాజకీయాలమ్మా, ఇక్కడ వద్దు" అన్నారు. ఆమె కూర్చుంది. వానల కొరకు, ఎవరిదో పెళ్లి సంబంధము కొరకు ప్రార్థించాము. నేను సండేస్కూలు టీచరును. ఆ ఉదయమే పిల్లలకు కయీను హేబెలుల కథ చెప్పి వచ్చాను. అయినా నోరు మెదపలేదు.

అమెరికాలో ఉన్న మా అమ్మాయి కిందటేడు అలబామా రాష్ట్రములోని మాంట్‌గోమరీకి వెళ్లింది. 1877 మొదలు 1950 వరకు మూకలు చంపిన 4,400 మందికి పైగా నల్లవారి జ్ఞాపకార్థము 2018లో అక్కడ ఒక స్మారకము తెరిచారు. ఇనుప దిమ్మెలు పైనుండి వేలాడుతుంటాయట, వాటిమీద ఊళ్లూ పేర్లూ. హత్య జరిగిన చోటునుండి మట్టి తెచ్చి, పేరు వ్రాసి, గాజుజాడీలలో ఉంచారట. చంపినవారిలో ఆదివారము తప్పక గుడికి వెళ్లేవారే చాలామంది. 1955లో ఎమ్మెట్ టిల్ అనే 14 ఏళ్ల కుర్రవాణ్ణి చంపి నదిలో పడవేశారు. ఆ బాలుని పేరున అటువంటి హత్యలకు ప్రత్యేక చట్టము వచ్చేసరికి 2022 అయింది. "అమ్మా, నదిలో అనగానే మన చుండూరు కాలువ గుర్తుకొచ్చింది" అంది ఫోనులో. ఆ సంగతి దానికి నేనెన్నడూ చెప్పలేదు. ఎక్కడో చదువుకుందట.

మన దగ్గర చుండూరులోనే ప్రత్యేక కోర్టు పెట్టారు. 2007 జూలై 31న 21 మందికి యావజ్జీవము, 35 మందికి ఏడాది శిక్ష పడింది. 2014 ఏప్రిల్ 22న హైకోర్టు అందరినీ విడిచిపెట్టింది. బాధితులు సుప్రీంకోర్టుకు వెళ్లారు. చనిపోయినవారిని ఊరి నడుమనే సమాధి చేశారు. ఆ చోటు పేరు రక్తక్షేత్రము. భట్టిప్రోలు స్తూపములో 1892లో దొరికిన ధాతుకరండాల గురించి వచ్చినవారందరికీ గొప్పగా చెప్పే నేను, చుండూరులోని ఆ సమాధులను ఈ సంవత్సరము దాకా చూడలేదు.

మొన్న ఆగస్టులో వెళ్లాను. తరువాతి ఆదివారము ప్రార్థన మనవుల వేళ లేచి, చుండూరు పేరు చెప్పాను. ఆ పెద్దమ్మ పోయి చాలా ఏళ్లయింది. ఆమె మనుమరాలు ఇప్పుడు పాటల బృందములో ఉంది, తలెత్తి నావైపు చూసింది. పాస్టరుగారు కాసేపు ఆగి, అందరినీ లేచి నిలబడమన్నారు. ముందువరుసలో మా బంధువులిద్దరు కూర్చునే ఉన్నారు.