అలీ భాయ్ 13 ఏళ్లు

సినిమాలో పేర్లు పడుతున్నప్పుడు అమ్మీ ఒక్క పేరు కోసం ఇంతెజార్ చేసేది. అలీ. అతను ఏ వేషం వేసినా, అందులో ఏ పేరు పెట్టుకున్నా ఆమెకు ఫరక్ లేదు. "మనోడే" అనేది, దూరపు రిష్తేదార్ గురించి చెప్పినట్టు.

రాజమండ్రిలో ఒక దర్జీ కొడుకు. 1981లో భారతీరాజా 'సీతాకోకచిలుక'లో నటించి నంది అవార్డు తెచ్చుకున్నాడు. ఇంతవరకూ అందరికీ మాలూమే. హీరోగా 'యమలీల' వచ్చింది మాత్రం 1994లో. ఆ మధ్య 13 ఏళ్ల గురించి ఎవరూ మాట్లాడరు. గొంతు మారుతుంది, మీసం మొలుస్తుంది. చిన్న వేషానికి పెద్దవాడు, పెద్ద వేషానికి చిన్నవాడు. చాలామంది పిల్లలు అక్కడే ఆగిపోతారు. అలీ దొరికిన వేషం వేస్తూనే ఉన్నాడు. 1993లో ఎస్వీ కృష్ణారెడ్డి 'రాజేంద్రుడు గజేంద్రుడు'లో నవ్వించాడు. మరుసటి ఏడాది ఆ డైరెక్టరే హీరోని చేశాడు.

'యమలీల'ను మా నానీమా తస్బీహ్ పక్కన పెట్టి మరీ చూసింది. యముడి సంగతి ఆమెకు పట్టలేదు. అమ్మ చనిపోతుందని తెలిసి కొడుకు తల్లడిల్లడమే పట్టింది.

అంత హిట్ కొట్టిన మనిషి మళ్లీ హీరో పక్కన దోస్తు వేషాలకు వచ్చాడు. 1998లో 'తొలిప్రేమ'. 2006 'పోకిరి'లో ఏకంగా బిచ్చగాడు. ఇంకొకరైతే ఇజ్జత్ పోయిందని ఇంట్లో కూర్చునేవారు. తర్వాత టీవీలో 'అలీతో సరదాగా' అని ఎదుటివాళ్ల చేత మాట్లాడించే పని కూడా చేశాడు. ఇంకో మాట. సినిమాల్లో సాయిబు అంటే "నాకీ, నీకీ" అని తెలుగు విరిచేవాడే. బడిలో మన పిల్లల్ని వెక్కిరించిందీ ఆ మాటలతోనే. అలీ తెలుగు మాత్రం, కావాలని తనే విరిస్తే తప్ప, ఎక్కడా తడబడదు.

షికాయత్ లేదని కాదు. కొన్ని జోకులు ఖాందాన్‌తో కూర్చుని చూడలేం. రిమోట్ అబ్బా చేతిలోకి వెళ్లిపోయేది.

ఇదంతా ఇప్పుడెందుకంటే, మా ఆపా కొడుక్కి ఒక సీరియల్లో వేషం వచ్చింది. వాడికి తొమ్మిదేళ్లు. దూల్హేభాయ్ ఖుష్, ఆపా పరేషాన్. "అలీ అయ్యాడు కదరా?" అని ఫోన్లో అడిగింది.

"అయ్యాడు ఆపా. కానీ నువ్వు నంది అవార్డు చూసి పంపకు, ఆ 13 ఏళ్లు చూసి పంపు" అన్నాను. వాడికి పదిహేనేళ్లొచ్చి ఎవరూ పిలవకపోతే చేతిలో ఏముంటుంది? చదువుండాలి. కానూన్ కూడా చెప్పాను. 2017 నుంచి రూల్స్ ఉన్నాయి. పిల్లలతో రోజుకు 5 గంటలకు మించి చేయించకూడదు, ఆరామ్ లేకుండా 3 గంటలు దాటకూడదు, వరసగా 27 రోజులకు మించి పనిచేయించకూడదు. సంపాదనలో కనీసం 20 శాతం వాడి పేరు మీదే బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ వేయాలి. "20 కాదు, పూరా వెయ్యి" అన్నాను. దూల్హేభాయ్ పక్కనే ఉన్నట్టున్నాడు, ఆపా ఏమీ అనలేదు.

సీరియల్ వాళ్లు జుమా దాకా టైమిచ్చారట.