బొంగు నల్లబడితే లోపల ఉడికినట్టేనా?

అనంతగిరి ఘాట్ రోడ్డు ఎక్కి అరకు లోయ చేరేసరికి దారి పక్కన మిమ్మల్ని ముందుగా పలకరించేది కాఫీ పరిమళం కాదు, పచ్చి వెదురు కాలుతున్న వాసన. నిప్పుల మీద వరుసగా పేర్చిన బొంగులు, వాటి మూతిలో కుక్కిన ఆకులు, ఆ ఆకుల సందులోంచి ఎగసే ఆవిరి. బొంగులో చికెన్ రుచి చూడకుండా అరకు నుంచి తిరిగి వచ్చేవారు ఈ రోజుల్లో అరుదు. రుచి చూసిన తరువాత ‘ఇది మన ఇంట్లో మనమే చేసుకుంటే!’ అనుకోనివారు మరీ అరుదు. నేనూ అలాగే అనుకున్నాను. ఆ ముచ్చట తీర్చుకోబోయి నేను చేసిన పొరపాటును, దాని వెనుక ఉన్న శాస్త్రాన్ని ఈ రోజు మీతో పంచుకుంటాను.

వృత్తి జీవితం తొలినాళ్లలో నేను ఈ కొండల్లోనే ఒక ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో పనిచేశాను. పదవీ విరమణ తరువాత కుటుంబంతో కలిసి అరకు వెళ్లినప్పుడు, తిరుగు ప్రయాణంలో నాలుగు పచ్చి బొంగులు కొని కారులో వేసుకువచ్చాను. వాటిని అమ్మిన గిరిజన మహిళ చాలా జాగ్రత్తలే చెప్పింది. “నిండా కూరితే మధ్యలో ఉడకదు బాబూ. ముక్కలు చిన్నవి కొట్టించుకో. మంటలో కాదు, నిప్పుల మీద పెట్టు. తిప్పుతూ ఉండాలి” అన్నది. నేను తల ఊపాను. ముప్పై ఏళ్లు వైద్యం చేసినవాడికి కోడికూర వండటం ఒకరు నేర్పాలా అన్న ధీమా కాబోలు, ఆ మాటలు నా చెవిలో దూరాయే కాని మనసులో నిలవలేదు.

ఆదివారం పెరట్లో పొయ్యి పెట్టాను. ఉప్పు, కారం, పసుపు, అల్లం వెల్లుల్లి, కొత్తిమీర పట్టించి రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచిన మాంసాన్ని ఆ చల్లదనంతోనే తీసి, బొంగులో గట్టిగా అదిమి అదిమి నింపాను. కాళ్లు, తొడలు పెద్ద ముక్కలుగానే వేశాను. పైగా కట్టెలు ఎగదోసి పెద్ద మంట పెట్టాను. ఇరవై నిమిషాలకే బొంగు నల్లగా మాడి, ఘుమఘుమలు వీధి వరకూ పోయాయి. “లోపల ఉడికిందో లేదో చూశారా?” అని నా భార్య అడిగింది. “బయట ఇంత నల్లబడితే లోపల ఉడకదా?” అన్నాను.

ఉడకలేదు. అంచున ఉన్న ముక్కలు మెత్తగా ఉన్నాయి కాబట్టి అందరూ మెచ్చుకుంటూ తిన్నారు. బొంగు మధ్య నుంచి వచ్చిన తొడ ముక్క మా ఆరేళ్ల మనవడి పళ్లెంలో పడింది. దాని ఎముక పక్కన మాంసం ఇంకా జిగటగా, గులాబీ రంగులో ఉన్న సంగతి వాడు సగం తిన్న తరువాత గాని నా కంట పడలేదు. మూడో రోజు వాడికి జ్వరం, కడుపునొప్పి, నెత్తుటి చారలతో విరేచనాలు. రెండు రాత్రులు వాడి మంచం పక్కన కూర్చుని చెంచాతో ఓఆర్ఎస్ పట్టిస్తూ, ఎన్ని వందల మంది తల్లులకు నేను పరిశుభ్రత గురించి ఉపన్యాసాలు ఇచ్చానో లెక్కపెట్టుకున్నాను. పిల్లవాడు కోలుకున్నాడు. ఆసుపత్రిలో చేర్చవలసిన అవసరం రాలేదు. అయినా ఆ రెండు రాత్రులు నాకు పాఠం నేర్పాయి.

పచ్చి కోడిమాంసం మీద సాల్మొనెల్లా, కాంపిలోబాక్టర్ వంటి సూక్ష్మజీవులు ఉండటం చాలా మామూలు విషయం. కోడి ఆరోగ్యంగా కనిపించినా అవి ఉండవచ్చు. వాటిని చంపడానికి అసాధ్యమైన వేడి అక్కరలేదు. కోడిమాంసంలో అన్నిటికంటే దళసరి భాగం 74 డిగ్రీల సెల్సియస్‌కు చేరితే చాలు. అరకు లోయ సముద్రమట్టానికి 900 మీటర్లకు పైగా ఎత్తున ఉంది కాబట్టి అక్కడ నీరు దాదాపు 97 డిగ్రీల వద్దే మరుగుతుంది. అదైనా మనకు కావలసినదానికంటే ఎంతో ఎక్కువ. అంటే లోపం నిప్పులో లేదు. ఆ వేడి మధ్యకు చేరడానికి మనం ఇచ్చే సమయంలో ఉంది.

పచ్చి వెదురులో ఉండే నీరు, మాంసంలోంచి ఊరే రసం ఆవిరిగా మారి ముక్కల సందుల్లో తిరుగుతాయి. బొంగులో వంట జరిగేది ఆ ఆవిరితోనే. సందులు లేకుండా అదిమి కూరితే ఆవిరి తిరగడానికి దారి ఉండదు. అప్పుడు వేడి ఒక ముక్క నుంచి మరొక ముక్కకు మెల్లగా పాకుతూ పోవాలి. మాంసం వేడిని త్వరగా లోపలికి పోనివ్వదు. మంట పెంచితే బొంగు మాడుతుందే తప్ప మధ్యకు వేడి అంత తొందరగా చేరదు. ఆ మహిళ నాకు చెప్పిన నాలుగు మాటల సారాంశం సరిగ్గా ఇదే. ఆమె అనుభవంతో చెప్పింది, నేను పుస్తకంలో చదువుకుని కూడా మరచాను.

ఇది ఒక్క బొంగుకే పరిమితమైన సంగతి కాదు. కూరి వండటం మనకు కొత్త కాదు. గుత్తివంకాయ, కాకరకాయ, మిరపకాయ బజ్జీ మన ఇళ్లలో నిత్యం చేసేవే. వంకాయ లోపలి కారం కాస్త పచ్చిగా ఉంటే రుచి తగ్గుతుంది, అంతే. మాంసం సంగతి వేరు. అమెరికాలో ఉన్న మా అబ్బాయి ఒకసారి ‘స్టఫ్డ్ స్టేక్’ చేసి ఫోటో పంపాడు. దళసరి మాంసపు ముక్కను జేబులా చీల్చి, లోపల పాలకూర, చీజ్, పుట్టగొడుగులు కూరి, దారంతో కట్టి వండుతారు. ఆ ఫోటోలో నన్ను ఆకర్షించింది మాంసం కాదు, దాని నడిమధ్య గుచ్చి ఉన్న సన్నని థర్మామీటరు.

దాని అవసరం ఏమిటో తెలిస్తే కూరి వండే వంటల రహస్యం తెలిసినట్టే. కోయని అఖండమైన మాంసపు ముక్కలో సూక్ష్మజీవులు సాధారణంగా పైభాగానే ఉంటాయి. అందుకే ఆ దేశాల్లో పశుమాంసపు స్టేక్‌కు లోపల 63 డిగ్రీలు వచ్చి, దించిన తరువాత మూడు నిమిషాలు ఆగితే చాలంటారు. కత్తి పెట్టి చీల్చి, చేత్తో కూరిన క్షణంలోనే పైన ఉండవలసినవి లోపలికి చేరతాయి. మాంసపు రసం కూరిన దానిలోకి ఇంకుతుంది. అందుకే కూరిన మాంసానికి మధ్యలో 74 డిగ్రీలు రావాలన్నది నియమం. వేడి చివరగా చేరే చోటికే మనం మురికిని ముందుగా పంపుతున్నామన్నమాట. కోడి కడుపులో గుడ్లు, మసాలా కూరి వండేవారికీ, కీమా కూరి రోల్స్ చేసేవారికీ ఇదే వర్తిస్తుంది.

నిప్పు మీద మనకున్న నమ్మకం ఎంత గాఢమైనదో నేను మొదటిసారి చూసింది మాత్రం ఆ పాత ఉద్యోగ రోజుల్లోనే. ఒక ఉదయం ఒకే గూడెం నుంచి ముగ్గురు వచ్చారు. ముగ్గురికీ చేతుల మీద పుండ్లు. చుట్టూ వాపు, మధ్యలో బొగ్గులా నల్లని పెచ్చు, నొప్పి మాత్రం లేదు. అది ఆంత్రాక్స్. ఆ పేరుకు మూలమైన గ్రీకు మాటకు అర్థం బొగ్గే. హఠాత్తుగా చచ్చిన మేకను కోసి ఊరంతా పంచుకున్నారని తెలిసింది. నేను మందలించబోతే వారితో వచ్చిన ముసలమ్మ అన్నది: “బాగా ఉడకేసే తిన్నాం కదా డాక్టరు బాబూ. నిప్పులో పడ్డాక ఇంకా రోగం ఎక్కడుంటాది?”

పుండ్లు వచ్చింది మేకను కోసిన ముగ్గురికే. నిప్పు రాజేయకముందే, చర్మం మీది చిన్న గీతల గుండా ఆ క్రిమి వారి ఒంట్లో ప్రవేశించింది. అంతమాత్రాన ఉడికించి తింటే భయం లేదని కాదు. ఆంత్రాక్స్ క్రిమి గట్టి కవచం గల బీజాలుగా మారి, మామూలు వంట వేడిని తట్టుకోగలదు, మట్టిలో దశాబ్దాల పాటు బతకగలదు. కడుపులోకి పోయి వచ్చే ఆంత్రాక్స్ అరుదే గాని, చర్మానికి వచ్చేదానికంటే చాలా ప్రమాదకరం. ఆ ముగ్గురూ పెన్సిలిన్‌తో కోలుకున్నారు. త్వరగా వస్తే నయమయ్యే జబ్బే అది. అయితే ఆ కొండల్లో అది పాత కథగా ముగిసిపోలేదు. 2016లో కూడా అరకు మండలంలో చర్మపు ఆంత్రాక్స్ కేసులు బయటపడ్డాయి.

ఆ ముసలమ్మను అజ్ఞాని అనుకోకండి. మేక ఆ ఇంటికి బ్యాంకు ఖాతా వంటిది. అది చచ్చిపోతే కనీసం మాంసమైనా దక్కాలనుకోవడం పేదరికపు లెక్క. ఆ లెక్కను మార్చవలసింది మందలింపు కాదు, పశువులకు ఏటేటా సకాలంలో అందే టీకా. ఇక నా సంగతి చూడండి. నాకు పేదరికం లేదు, చదువు ఉంది. అయినా పెరట్లో నల్లబడిన బొంగును చూసి నేను అన్నదీ ఆమె అన్నదీ ఒకటే మాట. నిప్పు మీద పెట్టాం కదా, ఇంకేం భయం? నిప్పు మంచి కాపలాదారే. అయితే దాని చేతికి రాకముందు జరిగినదానికీ, దాని చూపు చేరని చోటికీ అది పూచీ పడదు.

మీరు ఇంట్లో బొంగులో చికెన్ చేయదలచుకుంటే ఈ సంగతులు గుర్తుంచుకోండి. పచ్చి వెదురే వాడండి. ఎండిన బొంగు అంటుకుంటుంది. కలప అడితీలో దొరికే వెదురుకు పురుగు పట్టకుండా మందులు పెట్టి ఉండవచ్చు, అది వంటకు పనికిరాదు. ఒక వైపు మాత్రమే కణుపు ఉండాలి. రెండు వైపులా మూసుకున్న బొంగు ఆవిరి ఒత్తిడికి పేలుతుంది. తెరిచిన మూతిని అడ్డాకులతోనో అరటాకుతోనో వదులుగా మూయండి. మాంసాన్ని చిన్న ముక్కలు కొట్టించి, బొంగులో మూడు వంతులకు మించకుండా, అదమకుండా నింపండి. మంట తగ్గి నిప్పులయ్యాక పెట్టి, తిప్పుతూ సుమారు ముప్పావుగంట ఉంచండి. పచ్చిమాంసం తగిలిన కత్తి, పళ్లెం, చేతులు సబ్బుతో కడిగిన తరువాతే మరొకటి ముట్టుకోండి.

దించిన తరువాత బొంగులోంచి నేరుగా వడ్డించకండి. మొత్తం ఒక గిన్నెలోకి వంచి, మధ్య నుంచి వచ్చిన అన్నిటికంటే పెద్ద ముక్కను చూడండి. మాంసం థర్మామీటరు ఉంటే ఎముకకు తగలకుండా గుచ్చి 74 వచ్చిందో లేదో చూడండి. రంగు ఒక్కదాన్నే నమ్ముకోవద్దు. ఏ మాత్రం అనుమానం ఉన్నా, మూకుడులో వేసి మూతపెట్టి మరో పది, పదిహేను నిమిషాలు మరిగించండి. వెదురు వాసన ఎక్కడికీ పోదు. మిగిలినది రెండు గంటల లోపు ఫ్రిజ్‌లో పెట్టండి. పసిపిల్లలు, గర్భిణులు, వృద్ధులు ఉన్న ఇంట్లో ఈ జాగ్రత్తలు మరింత ముఖ్యం. విరేచనాల్లో నెత్తురు కనిపించినా, పిల్లలకు మూత్రం తగ్గి మగతగా ఉన్నా ఇంటి వైద్యంతో కాలయాపన చేయకండి. హఠాత్తుగా చచ్చిన పశువును, ముఖ్యంగా దాని ముక్కు, నోటి నుంచి గడ్డకట్టని నెత్తురు కారుతుంటే, కోయకండి, ముట్టుకోకండి. పశువైద్యునికి కబురు పంపండి.

కిందటి సంక్రాంతికి మళ్లీ బొంగులు తెప్పించాను. ఈసారి ఆమె చెప్పినట్టే వండాను. గిన్నెలోకి వంచి పెద్ద ముక్కలో థర్మామీటరు గుచ్చుతుంటే మా మనవడు నా భుజం మీదుగా తొంగి చూశాడు. “ఎంత వచ్చింది తాతా?” అన్నాడు. “ఎనభై ఒకటి” అన్నాను. అప్పుడు గాని వాడు పళ్లెం ముందుకు జరపలేదు.